బిల్లు లేని విత్తనం - తాళం విరిచిన సాఫ్ట్‌వేరు

(మా గ్రామీణ విలేఖరి)

తొలకరి దగ్గర పడిందంటే గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు జిల్లాల పల్లెల్లో ఒకటే మాట. విత్తనం ప్యాకెట్టుదా, లూజుదా? బిల్లు ఇచ్చినాడా, లేదా? కృష్ణా, తుంగభద్రల నడుమ ఉన్న మన నడిగడ్డలో పత్తి విత్తనాన్ని పండించి కంపెనీలకు ఇచ్చే రైతులే వేల సంఖ్యలో ఉన్నారు. అటువంటి చోట కూడా ఏటా ఎవరో ఒకరు నాలుగు వందలు తక్కువకు వస్తున్నదని లూజు విత్తనం కొంటారు. మొలక రాకపోతే, కాయ పట్టకపోతే అడగడానికి చేతిలో బిల్లు ఉండదు. అమ్మినవాడు ఊళ్లో ఉండడు. వ్యవసాయాధికారి దగ్గరకు పోతే "బిల్లు ఏది?" అన్నదే మొదటి ప్రశ్న. ఈ సంగతి మన పాఠకులకు కొత్తగా చెప్పనవసరం లేదు.

అదే రైతు పాసుపుస్తకం, ఆధార్ కార్డు, బ్యాంకు పుస్తకం సంచిలో పెట్టుకుని మండల కేంద్రంలోని జిరాక్సు దుకాణానికి పోతాడు. ఆ కాగితాలన్నీ అక్కడి కంప్యూటరులోకి ఎక్కుతాయి. ఆ కంప్యూటరులో నడుస్తున్న సాఫ్ట్‌వేరు బిల్లున్నదా, లూజుదా అని ఆయన అడగడు. అడగవచ్చునని కూడా ఆయనకు తెలియదు. దుకాణదారుకు తెలిసినా చెప్పడు. ఈ ఉపేక్ష వల్ల జరుగుతున్న నష్టం చిన్నది కాదని, అది చివరకు దుకాణదారు మీద కాక పల్లె జనం మీదే పడుతున్నదని చెప్పడమే ఈ వ్యాసం ఉద్దేశం.

అసలు వ్యవహారం ఏమిటి?

కంప్యూటరు అంటే ఇనుప డబ్బా, అద్దం మాత్రమే కాదు. దాన్ని నడిపించేది సాఫ్ట్‌వేరు. మన దగ్గర ఎక్కువ దుకాణాల్లో ఉండేది మైక్రోసాఫ్ట్ కంపెనీ వారి విండోస్. ఉత్తరాలు, లెక్కలు చేసుకోవడానికి అదే కంపెనీ వారి ఆఫీసు. ఇవి ఉచితం కావు. విండోస్ ఒక్కటే విడిగా కొంటే పది వేల రూపాయలు దాటుతుంది. కొన్నవారికి 25 అక్షరాలు, అంకెలు కలిసిన ఒక 'కీ' ఇస్తారు. దాన్ని కంప్యూటరులో కొట్టి కంపెనీ చేత ఔననిపించుకోవడాన్నే యాక్టివేషన్ అంటారు.

వందల కంప్యూటర్లున్న పెద్ద కార్యాలయాల్లో ఒక్కొక్కదానికి కీ కొట్టడం కష్టం కనుక కంపెనీ మరో ఏర్పాటు చేసింది. కార్యాలయంలో ఒక కంప్యూటరును పెద్దగా నియమిస్తారు. మిగతావన్నీ దాన్ని అడిగి అనుమతి తెచ్చుకుంటాయి. ఆ అనుమతి 180 రోజులు చెల్లుతుంది. గడువులోగా మళ్లీ అడగాలి. దీన్నే కె.ఎం.ఎస్. అంటారు. కొందరు ఈ ఏర్పాటుకే నకలు తయారు చేశారు. మన కంప్యూటరులోనే ఒక దొంగ పెద్దను కూర్చోబెట్టి, అతని చేతనే అనుమతి ఇప్పిస్తారు. సర్పంచి సంతకం మనమే పెట్టుకుని సర్టిఫికెట్టు తయారు చేసుకోవడం వంటిదే ఇది. కె.ఎం.ఎస్. పికో, కె.ఎం.ఎస్. ఆటో అనే పేర్లతో తిరిగేవి ఈ కోవలోనివే. మన దుకాణాల వాళ్లు వీటిని 'యాక్టివేటరు' అంటారు. తాళం విరిచి నడిపించే మిగతా సరుకును 'క్రాక్' అంటారు.

ఇవి వేసే కుర్రవాళ్లను అడిగితే ఒకటే సమాధానం. "ఏం గాదు సార్. అందరు గిదే ఏస్తరు. పైసలు వెట్టి ఎవరు కొంటరు?" అన్న ఆ మాటలో కొంత నిజం లేకపోలేదు. అందరూ వేస్తున్నారు. కానీ "ఏం గాదు" అన్నది మాత్రం నిజం కాదు.

ఒక దుకాణంలో జరిగింది

2022 వానాకాలం. రైతు బంధు, రైతు బీమా దరఖాస్తులతో మండల కేంద్రాలన్నీ కిటకిటలాడుతున్న రోజులు. నేను వార్తలు టైపు చేసుకునే ఒక చిన్న దుకాణం ఉంది. ఊరు పేరు, మనిషి పేరు ఇక్కడ అవసరం లేదు. ఆ తమ్ముడు అప్పు చేసి సెకండ్ హ్యాండు కంప్యూటరు కొని, జిరాక్సు మిషను పెట్టుకుని ఆరేళ్లుగా బతుకుతున్నాడు. కంప్యూటరు అమ్మినవాడే విండోస్ వేసి ఇచ్చాడు. కొంతకాలానికి తెర మూలన "విండోస్‌ను యాక్టివేట్ చేయండి" అన్న అక్షరాలు వచ్చి కూర్చున్నాయి. పని ఆగలేదు, కానీ గిరాకీలు చూస్తే నామోషీగా ఉందని ఒక రాత్రి ఇంటర్నెట్‌లో వెతికి ఒక యాక్టివేటరు దింపుకున్నాడు.

యాంటీవైరస్ అడ్డుపడింది. దింపుకున్న చోట మాత్రం ముందే రాసి ఉంది: యాంటీవైరస్ దీన్ని తప్పుగా పట్టుకుంటుంది, ముందు దాన్ని ఆపండి అని. ఆపాడు. నడిపాడు. మూలన ఉన్న అక్షరాలు పోయాయి. సంతోషంగా ఇంటికి వెళ్లాడు.

తెల్లవారి దుకాణం తెరిచేసరికి ఒక్క ఫైలు తెరుచుకోలేదు. ప్రతి ఫైలు పేరు చివర ఎక్కడివో నాలుగు అక్షరాలు తోక వలె తగిలించి ఉన్నాయి. ఫోటోలు లేవు, శుభలేఖలు లేవు, దరఖాస్తులు లేవు. ప్రతి చోట ఇంగ్లీషులో ఒక ఉత్తరం ఉంది. నన్ను పిలిపించి చదవమన్నాడు. మీ ఫైళ్లకు తాళం వేశాం, తాళం చెవికి 980 డాలర్లు, 72 గంటల్లో మాట్లాడితే సగానికి, అంటే 490 డాలర్లకు ఇస్తాం అని దాని సారాంశం. సగం ధర అన్నదే అప్పటి లెక్కలో నలభై వేలకు దగ్గర. ఆ తమ్ముడు రెండు నెలల్లో కూడా అంత కళ్లజూడడు.

"అన్నా, నేనేం పాపం జేసిన?" అని అతను అడిగిన మాట ఇప్పటికీ నాకు గుర్తుంది.

అతని బాధ ఒక ఎత్తు. ఆ మర్నాడు వచ్చిన ఒక అవ్వ బాధ మరొక ఎత్తు. ఆమె పెనిమిటి ఎప్పుడో తెల్ల కాగితం మీద రాసుకుని ఎకరంన్నర భూమి కొన్నాడు. 2020లో ప్రభుత్వం సాదా బైనామాలకు దరఖాస్తులు తీసుకున్నప్పుడు ఈ దుకాణంలోనే ఆ కాగితాన్ని స్కాన్ చేయించారు. తర్వాత గుడిసె కారి అసలు కాగితం తడిసి ముద్దయింది. స్కాన్ కాపీ ఉన్నదన్న ధీమాతో ఆమె వచ్చింది. "అండ్ల ఉంటదని నువ్వే చెప్తివి గద బిడ్డా" అని ఆమె అంటుంటే ఆ కుర్రవాడు తల ఎత్తలేదు. యాక్టివేటరు పేరు ఆమె ఎన్నడూ వినలేదు. దానివల్ల ఆమెకు ఒక్క పైసా మిగలలేదు. పోయింది మాత్రం ఆమె భూమికి ఉన్న ఆధారం.

ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే ఇటువంటి తంతును ర్యాన్సమ్‌వేర్ అంటారు. ఇందులో స్టాప్ లేక జీవు అని పిలిచే రకం ముఖ్యంగా క్రాకులు, యాక్టివేటర్ల ద్వారానే పాకింది. అది పెద్ద కంపెనీల జోలికి పోక, ఇళ్లలోని కంప్యూటర్లను, ఇటువంటి చిన్న దుకాణాలను పట్టుకుంటుంది. ఎందుకంటే యాక్టివేటరు కోసం వెతికేది వాళ్లే. దీని పాత రకాలకు తాళం తీసే సాధనం ఒకటి 2019 అక్టోబరులో ఉచితంగా వచ్చింది. ఆ తర్వాత వచ్చిన రకాలకు చాలావరకు అది పనిచేయదు. మన తమ్ముడు హైదరాబాదు దాకా పోయి వచ్చాడు, లాభం లేకపోయింది. చివరకు కంప్యూటరును తుడిచి కొత్తగా విండోస్ వేయించాడు. వేసినవాడు మళ్లీ ఏం పెట్టాడో చెప్పనవసరం లేదు. అదే యాక్టివేటరు.

ఇతరులను అని నన్ను నేను తప్పించుకోవడం ధర్మం కాదు. అప్పుడు నా ఇంట్లో ఉన్న పాత ల్యాప్‌టాప్ కూడా అటువంటిదే. ఆ అవ్వను చూసిన తర్వాతనే మార్చుకున్నాను.

కుక్కను కట్టేయమనే దొంగ

ఇందులో మోసం ఎక్కడున్నదో కాస్త నిదానంగా చూడాలి. ఇంటికి వచ్చిన కొత్త మనిషి "ముందు మీ కుక్కను కట్టేయండి, ఇనుప పెట్టె తాళం చెవి నా చేతికివ్వండి" అంటే మనం ఊరుకుంటామా? యాక్టివేటరు అడిగేది సరిగ్గా ఈ రెండే. యాంటీవైరస్‌ను ఆపమంటుంది. కంప్యూటరులో ఏదైనా మార్చగల యజమాని అధికారం తనకు ఇవ్వమంటుంది. దొంగ అనుమతి పుట్టించాలంటే విండోస్ లోపలి భాగాలను మార్చాలి కనుక ఆ అధికారం లేనిదే దాని పని జరగదు. యాంటీవైరస్ కూడా దాన్ని ఎలాగూ పట్టుకుంటుంది. అందువల్ల "ఆపండి" అన్న సూచన సహజంగానే కనిపిస్తుంది. నిజంగా విషం ఉన్న సరుకు వచ్చినప్పుడు కూడా అదే హెచ్చరిక వస్తుంది. అప్పటికే మనం దాన్ని పట్టించుకోవద్దని నిర్ణయించుకుని ఉంటాం.

"నేను వేసింది మంచిదే, మూడేళ్లుగా ఏమీ కాలేదు" అనేవాళ్లున్నారు. ఈ సరుకుకు ఊరూ పేరూ లేదు. ఒకే పేరుతో లెక్కలేనన్ని చోట్ల దొరుకుతుంది. ఏది ఎవరు తయారు చేశారో, మధ్యలో ఎవరు ఏం కలిపారో చెప్పే నాథుడు లేడు. పైకి అన్నీ ఒక్కలాగే పనిచేస్తాయి. పైగా అన్ని దొంగలూ చప్పుడు చేయవు. కొన్ని కంప్యూటరులో దాచిన పాస్‌వర్డులను పంపించి ఊరుకుంటాయి. కొన్ని బయటివాడు లోపలికి వచ్చిపోయే దొడ్డిదారి తెరిచి పెడతాయి. మరికొన్ని మన కంప్యూటరు చేత, మన కరెంటుతో, ఎవరికో డిజిటల్ నాణేలు సంపాదించి పెడుతుంటాయి. ఫ్యాను గుయ్యిమని మోగుతూ మిషను ఎప్పుడూ వేడిగా ఉంటే కొందరు దుమ్ము పట్టిందనుకుంటారు. మూడేళ్లుగా ఏమీ కాలేదన్నదానికి, ఏమి జరిగిందో తెలియలేదన్నదే చాలాసార్లు సరైన అర్థం.

ఇంకొక చిక్కు ఉంది. ఇటువంటి విండోస్ వేసేవాళ్లు తమ పని చెడకూడదని కంపెనీ పంపే అప్‌డేట్లను కూడా తరచు ఆపేస్తారు. అప్‌డేటు అంటే కప్పుకు పడిన చిల్లులు పూడ్చడం. 2017 మార్చిలో మైక్రోసాఫ్ట్ అటువంటి ఒక పెద్ద చిల్లును పూడ్చే అప్‌డేటు పంపింది. రెండు నెలలు తిరగకముందే, మే 12న, వన్నాక్రై అనే ర్యాన్సమ్‌వేర్ ఆ చిల్లులోంచే లోకమంతా దూరింది. అప్‌డేటు వేసుకున్నవాళ్లు బతికిపోయారు. వేసుకోని కంప్యూటర్లు ఎన్నో దేశాల్లో నిలిచిపోయాయి. పొరుగున ఆంధ్రప్రదేశ్‌లో కొన్ని జిల్లాల పోలీసు కంప్యూటర్లు కూడా ఆ దెబ్బ తిన్నాయి. వాళ్లు యాక్టివేటరు వాడారని నేననడం లేదు. పోలీసు శాఖ అంతటిదానికి తప్పనిది అప్‌డేటు ఆపిన మన జిరాక్సు దుకాణానికి తప్పుతుందా అన్నదే ప్రశ్న.

లోకం చూసిన సంగతులు

ఇదంతా మన పల్లెటూరి భయమని కొట్టివేయడానికి లేదు. దక్షిణ కొరియా పోలీసులు 2025 డిసెంబరులో ఒక లిథువేనియా దేశస్థుణ్ణి అరెస్టు చేసినట్లు ప్రకటించారు. 2020 ఏప్రిల్ నుంచి 2023 జనవరి దాకా కె.ఎం.ఎస్. ఆటో పేరు పెట్టి అతను పంచిన విషపు సరుకును లోకమంతా 28 లక్షల సార్లు దింపుకున్నారని వారి ఆరోపణ. ఎవరైనా డిజిటల్ డబ్బు పంపేటప్పుడు ఖాతా చిరునామాను చప్పుడు లేకుండా మార్చి, ఆ సొమ్మును తన ఖాతాకు మళ్లించడం దాని పని. 28 లక్షల సార్లు అంటే మన మూడు జిల్లాల జనాభాను కలిపినా మించే సంఖ్య.

2021 చివర అమెరికాలోని ఒక భద్రతా సంస్థ, కె.ఎం.ఎస్. పికో కోసం వెతికేవారికి పాస్‌వర్డులు దోచే సరుకు అంటగడుతున్నారని బయటపెట్టింది. ఉక్రెయిన్ యుద్ధంలోనైతే ఇది ఆయుధమే అయింది. అక్కడ ప్రభుత్వ కార్యాలయాల్లోకి దూరడానికి తాళం విరిచిన విండోస్‌లో దొంగ సాధనాలు కలిపి టోరెంట్లలో పెట్టిన సంగతి 2022 డిసెంబరులో వెల్లడైంది. శత్రువు గోడ దూకి రానక్కరలేకపోయింది. ఉచితం అంటే చాలు, ఇంటివాళ్లే తలుపు తీశారు.

కాగితం విలువ ఎంత?

"మా పల్లెటూరివాళ్ల కాగితాలతో ఎవనికేం పని?" అనే అమాయకత్వం మనలో ఇంకా ఉంది. ఒక మండల కేంద్రంలోని దుకాణం కంప్యూటరును తలచుకోండి. ఆధార్ కార్డులు, బ్యాంకు పుస్తకాల మొదటి పేజీలు, పాసుపుస్తకాలు, ఆడపిల్లల ఫోటోలు, టెన్త్ మెమోలు, కుల ధ్రువీకరణ పత్రాలు, ఫోను నంబర్లు అన్నీ అందులోనే. పైగా ఊరి పేరుతో ఒక ఫోల్డరు, అందులో మనిషి పేరుతో ఇంకొకటి, పద్ధతిగా సర్ది ఉంటాయి. దొంగ వెతుక్కునే శ్రమ కూడా లేదు.

2018లో మన రాష్ట్రంలోనే పెద్దపల్లి జిల్లాకు చెందిన ఒక వ్యక్తి భూమి రిజిస్ట్రేషన్ పత్రాల మీద ఉన్న వేలిముద్రలను తీసుకుని, రబ్బరు మీద అచ్చు పోసి, వేల సిమ్ కార్డులను యాక్టివేట్ చేశాడని పోలీసులు పట్టుకున్నారు. ఆ కేసుకు యాక్టివేటరుతో సంబంధం లేదు. అయితే మనం పనికిరాదనుకున్న కాగితం తెలిసినవాడి చేతిలో పడితే ఎందుకు పనికివస్తుందో అది చూపింది. మన ఫోనుకు వచ్చే దొంగ కాల్‌లో మన పేరు, ఊరు, బ్యాంకు పేరు సరిగ్గా చెప్పేవాడికి ఆ వివరాలు ఎక్కడో ఒక చోట దొరికే ఉండాలి కదా.

దుకాణదారు గోడు కూడా వినాలి

ఇంత చెప్పి దుకాణదారును దొంగగా నిలబెట్టడం న్యాయం కాదు. జిరాక్సుకు రెండు రూపాయలు, దరఖాస్తుకు ముప్పై, నలభై. అందులోనే అద్దె, కరెంటు, కాగితం, సిరా. కంప్యూటరే పదిహేను వేలకు కొన్నవాడిని సాఫ్ట్‌వేరుకు ఇరవై వేలు పెట్టమంటే ఎక్కడ తెస్తాడు? దానికి తోడు 2025 అక్టోబరు 14తో విండోస్ 10కు మామూలు అప్‌డేట్లు ఆగిపోయాయి. పాత మిషన్లలో చాలావాటికి విండోస్ 11 ఎక్కదు. ఎక్కించుకోవడానికి మళ్లీ ఏదో ఒక అడ్డదారే చూపిస్తున్నారు.

డీటీపీ పని చేసేవారిది ఇంకో తంటా. మన శుభలేఖలు, కరపత్రాలు, ఫ్లెక్సీలు ఇప్పటికీ ఎక్కువగా తయారయ్యేది పేజ్‌మేకర్, అను ఫాంట్లతోనే. పేజ్‌మేకర్ చివరి రూపం 7 వచ్చింది 2001లో. దాని తయారీదారులు ఎప్పుడో చేతులు దులుపుకున్నారు. ఆ పాత పద్ధతిలో టైపు చేసిన తెలుగు వేరే చోట పెడితే అక్షరాలు కాక పిచ్చిగీతలు వస్తాయి. అందుకని పాత విండోస్, పాత పేజ్‌మేకర్, తాళం విరిచిన ఫాంట్లు ఒకదాన్నొకటి పట్టుకుని వేలాడుతున్నాయి. తెలుగు కోసం ఫాంటు తయారు చేసినవాడికి రావలసిన నాలుగు డబ్బులు కూడా మనం ఎగవేసినట్లే. మగ్గం మీద నేసిన గద్వాల చీరకు పవర్‌లూం నకలు వచ్చి బజారు పాడు చేస్తున్నదని బాధపడే మనం, ఇంకొకరి చేతిపనికి నకలు వాడుతూ బాధపడకపోవడం ఆలోచించవలసిన విషయం.

చట్టం సంగతి కూడా తెలిసి ఉండాలి. 1957 నాటి కాపీరైటు చట్టంలో 63-బి సెక్షను ప్రకారం, దొంగ ప్రతి అని తెలిసి కంప్యూటరు ప్రోగ్రామును వాడితే కనీసం 7 రోజుల నుంచి 3 సంవత్సరాల దాకా జైలు, 50 వేల నుంచి 2 లక్షల రూపాయల దాకా జరిమానా ఉన్నాయి. వ్యాపారానికి కాక సొంతానికి వాడినవారి విషయంలో, తగిన కారణాలుంటే కోర్టు జైలు లేకుండా వదలవచ్చు. దుకాణంలో వాడటం మాత్రం వ్యాపారం కిందికే వస్తుంది. మండల కేంద్రాలకు వచ్చి తనిఖీ చేసేవారు లేరు కనుక ఈ భయం ఎవరికీ లేదు. భయపెట్టడం నా ఉద్దేశం కూడా కాదు. చిన్నవాణ్ణి పట్టి జైల్లో వేస్తే ఆ అవ్వ కాగితం తిరిగి రాదు.

దారి లేకపోలేదు

డబ్బు లేదు కనుక దొంగ సరుకే గతి అన్నది సగం నిజమే. మొదటి సంగతి, యాక్టివేట్ చేయని విండోస్ కూడా పనిచేస్తుంది. తెర మూలన ఆ అక్షరాలు ఉంటాయి, తెర బొమ్మ వంటివి మార్చుకోనివ్వదు. ఇది కంపెనీ నిబంధనలకు సరిపోయే పద్ధతి కాదు కనుక దీన్ని శాశ్వత మార్గంగా చెప్పడం లేదు. కానీ ఆ అక్షరాల నామోషీ పోగొట్టుకోవడానికి ఇంటి తాళం చెవి ఇచ్చివేయడం తెలివి కాదు.

రెండో సంగతి, ఉత్తరాలకు, లెక్కలకు లిబ్రే ఆఫీసు అనే సాఫ్ట్‌వేరు పూర్తిగా ఉచితం. క్రాక్ చేయడానికి దానికి తాళమే లేదు. విండోస్ బదులు లైనక్స్ కూడా ఉచితమే. పాత మిషన్ల మీద సాఫీగా నడిచే రకాలున్నాయి. అప్‌డేట్లు దర్జాగా తీసుకోవచ్చు. కేరళలో ప్రభుత్వ పాఠశాలల పిల్లలు ఏళ్ల తరబడి దీని మీదే చదువుకుంటున్నారు. అక్కడి పిల్లలకు చేతనైనది మన కుర్రవాళ్లకు చేతకాదా? హైదరాబాదులో స్వేచ్ఛ అనే సంస్థ తెలుగులో లైనక్స్‌ను తయారు చేసి ప్రచారం చేస్తూ వస్తున్నది. కొన్ని స్కానర్లు, వేలిముద్ర మిషన్లు లైనక్స్ మీద మొండికేస్తాయన్నది నిజమే. అటువంటి పనికి ఒక కంప్యూటరు బిల్లున్న విండోస్‌తో ఉంచుకుని, మిగతా పని ఉచితమైన దాని మీద చేసుకోవచ్చు.

తెలుగు అక్షరాల మాట అడుగుతారు. యూనికోడ్‌లో తెలుగు టైపు చేయడానికి ఇప్పుడు పైసా అక్కరలేదు. ఎక్కడ పెట్టినా అక్షరం అక్షరంగానే ఉంటుంది. సిలికానాంధ్ర వారు ఉచితంగా విడుదల చేసిన తెలుగు ఫాంట్లలో ఒకదాని పేరు 'సురవరం'. 2013లో తయారైన ఆ ఫాంటుకు పేరిచ్చినది మన సురవరం ప్రతాపరెడ్డిగారే. మన గద్వాల జిల్లాలోని ఇటిక్యాలపాడు బిడ్డ. 1926లో గోలకొండ పత్రిక పెట్టి, నిజాం కాలంలో తెలుగు అక్షరాన్ని నిలబెట్టి, 1952లో వనపర్తి నుంచి శాసనసభకు ఎన్నికైన మనిషి. ఆయన పేరున్న అక్షరం ఎవరైనా ఉచితంగా, హక్కుగా వాడుకోవచ్చు. ఆయన జిల్లాలో శుభలేఖలు మాత్రం తాళం విరిచిన అక్షరాలతో అచ్చవుతున్నాయి. ఇది విచారకరం కాదా?

ఎవరేం చేయాలి?

దుకాణదారులకు ఒక మనవి. కంప్యూటరు కొనేటప్పుడు విత్తనానికి అడిగినట్టే సాఫ్ట్‌వేరుకు కూడా బిల్లు అడగండి. అయిదు వందలకు అసలు కీ అని ఆన్‌లైన్‌లో అమ్మేవాటిని నమ్మవద్దు. ఉన్న ఫైళ్లను వారానికి ఒకసారి వేరే డిస్కులో దాచి, ఆ డిస్కును కంప్యూటరు నుంచి ఊడదీసి పెట్టండి. తగిలించి ఉంచితే దానికీ తాళం పడుతుంది. పని అయిపోయిన గిరాకీ కాగితాలను ఉంచవద్దు. ఒకవేళ తాళం పడితే డబ్బు పంపవద్దు. పంపినా తాళం చెవి ఇస్తారన్న హామీ లేదు. కేంద్ర ప్రభుత్వ సైబర్ స్వచ్ఛతా కేంద్రం ఉచితంగా ఇచ్చే శుభ్రపరిచే సాధనాలు ఉన్నాయని కూడా చాలామందికి తెలియదు.

పల్లె జనానికి చెప్పేది ఇంకా తక్కువ. పని కాగానే "నా కాగితాలు తీసేయి నాయినా" అని దగ్గరుండి తీయించండి. చెత్తబుట్టలోంచి కూడా తీయించండి. ఆధార్ నంబరు పూర్తిగా అవసరం లేని చోట మొదటి ఎనిమిది అంకెలు కనపడని మాస్క్‌డ్ ఆధార్ ఇవ్వవచ్చు. వేలిముద్రల పని లేని రోజుల్లో ఆధార్ బయోమెట్రిక్‌కు తాళం వేసుకునే ఏర్పాటు ఉంది. అసలు కాగితాలను ప్లాస్టిక్ సంచిలో భద్రంగా ఉంచండి. దుకాణం కంప్యూటరు మన ఇనుప పెట్టె కాదు. డబ్బు పోతే ఆలస్యం చేయక 1930 నంబరుకు ఫోను చేయాలి. ఎంత త్వరగా చేస్తే డబ్బు ఆగే అవకాశం అంత ఎక్కువ.

ఇక ప్రభుత్వం సంగతి. రైతు చేత ప్రతి దరఖాస్తూ ఆన్‌లైన్‌లో పెట్టించేది ప్రభుత్వమే. భూమి వివరాలు 2025 ఏప్రిల్‌లో ధరణి పోయి భూభారతి కిందికి వచ్చాయి. పేరు ఏదైనా రైతు పోయేది మాత్రం అదే జిరాక్సు దుకాణానికి. జనాన్ని ఆ దుకాణాల గుమ్మంలోకి పంపుతున్నప్పుడు ఆ దుకాణాల కంప్యూటర్లు శుభ్రంగా ఉండేట్టు చూసే బాధ్యత కూడా తీసుకోవాలి. దాడులు అక్కరలేదు. మూడు జిల్లాల్లోనూ మండలానికి ఒక రోజు పెట్టి, దుకాణదారులను పిలిచి, ఉచిత సాఫ్ట్‌వేరు వేసి, వాడటం నేర్పి పంపితే చాలు. వనపర్తిలో రాజావారి కోటలో వెలసిన పాలిటెక్నిక్ ఉంది. గద్వాలలో, నాగర్‌కర్నూలులో డిగ్రీ కళాశాలలున్నాయి. కంప్యూటరు చదివే పిల్లలకు ఇంతకన్న మంచి ప్రాక్టికల్ ఏముంటుంది? ముందుగా కలెక్టర్లు తమ జిల్లా కార్యాలయాల్లోని కంప్యూటర్లను ఒకసారి తనిఖీ చేయించి, అన్నీ బిల్లున్నవే అని ప్రకటిస్తే జనానికి కూడా నమ్మకం కలుగుతుంది.

ఆ దుకాణం తమ్ముడు ఇప్పుడు లైనక్స్ మీద పనిచేస్తున్నాడు. మొదటి నెల తిట్టుకున్నాడు, రెండో నెల అలవాటు పడ్డాడు. అవ్వ పని మాత్రం ఇంకా తెగలేదు. తడిసిన కాగితం ముక్కలను గుడ్డలో మూటకట్టుకుని తహసీల్దారు కార్యాలయానికి తిరుగుతూనే ఉంది. లూజు విత్తనంతో ఒక పంట పోతే మరుసటి ఏడు మళ్లీ వేసుకోవచ్చు. భూమి కాగితం పోయినవాళ్లకు ఆ వీలు ఉండదు. దుకాణదారులు, అధికారులు ఇకనైనా ఈ విషయాన్ని చిన్నదిగా చూడరని ఆశిద్దాం.